ధనము పెరిగెను, దాతలు తగ్గిరి

(ఒక పట్టణ గ్రంథాలయ సభయందు గావించిన ఉపన్యాసము)



నేటి సభకు నిర్ణయింపబడిన విషయము దానము. ఈ మాట వినగానే ఇది పురాణ ప్రసంగమని కొందఱు తలపవచ్చును. శిబి కథయు, కర్ణుని కథయు, బలి కథయు మన పిల్లలకును తెలిసినవే. వానిని మఱల జెప్పుటకు నేనిచట నిలువలేదు. మన దేశమున లోకోపకార కార్యములకు ధనము ఎచ్చటనుండి వచ్చుచున్నది? ఎవరి చేతిమీదుగ వచ్చుచున్నది? ఏ కార్యమునకు బోవుచున్నది? ఏ కార్యమునకు బోకున్నది? ఇవియే నా ప్రశ్నలు. ఇది వేదాంత విచారము గాదు, జమాఖర్చుల విచారము. ఐనను ఒక జాతి తన జమాఖర్చులను విప్పి చూచుకొన్నప్పుడే తన స్వభావమును చూచుకొనగలదు.

మొదట మన పూర్వుల పద్ధతిని గొంచెము పరిశీలింతము. ద్రాక్షారామ భీమేశ్వరాలయపు గోడలమీదను స్తంభములమీదను వందలకొలది శాసనములు గలవు. అందు పెక్కింటి విషయమొక్కటే: అఖండదీపము. దాత యేబది గొఱ్ఱెలను ఇచ్చును. ఆ మందను ఒక బోయకు అప్పగింతురు. అతడును, అతని పుత్రపౌత్రులును నిత్యము మానెడు నేయి దీపమునకు సమర్పింపవలయును. ముసలివి పోవుచుండును, పిల్లలు పుట్టుచుండును, మంద మాత్రము తఱుగదు. ఈ దాతలు రాజులును రాణులును మాత్రమే కారు. వర్తకులును, ఉద్యోగులును, వారి యిల్లాండ్రును గలరు. ఈ చిన్న యేర్పాటులో మూడు సంగతులు గమనింపదగినవి. మూలధనము కరగదు; దానిని కాపాడు మనుష్యుడు పేరుతో సహా నిర్ణయింపబడినాడు; చేయవలసిన పని కొలతతో నిర్ణయింపబడినది. పైగా ఈ షరతులన్నియు ఊరివారందఱు చదువుకొనునట్లు రాతిమీద చెక్కబడినవి. నేడు లక్షల కోట్ల ధనముతో నడచు ధర్మనిధులకు న్యాయవాదులు వ్రాయు దస్తావేజులలోని సారాంశము ఇంతకంటె వేఱు గాదు.

రెండవది, ధనముతో నిమిత్తము లేని దానము. మన పట్టణములలో బీద విద్యార్థులు వారములు చేసికొని చదువుకొనిన దినములు పెద్దలు ఎఱుగుదురు. సోమవారమొక యింట, మంగళవారమొక యింట భోజనము. ఆ యిల్లాలు ఏ నిధిని స్థాపింపలేదు. తన పిల్లలతోబాటు మఱియొక విస్తరి వేసెను. పిడికెడు బియ్యము ఎత్తి వేఱుగ నుంచి సత్కార్యమునకిచ్చు అలవాటును అట్టిదే. ఈ దానములు ఏ లెక్కలకును ఎక్కలేదు. ఐనను ఈ విస్తళ్ళమీద పెరిగిన వారు తరువాత ఉపాధ్యాయులును, న్యాయవాదులును, దేశసేవకులును అయిరి. లంకల గన్నవరమున డొక్కా సీతమ్మగారు (1841–1909) వేళగాని వేళ వచ్చిన బాటసారికిగూడ వండి వడ్డించిన సంగతి గోదావరి మండలమున ఇంటింట చెప్పుకొనునదే. 2024లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము బడిపిల్లల మధ్యాహ్న భోజన పథకమునకు ఆమె పేరు పెట్టినది. ఏ సంస్థయు లేని ఒక గృహిణి పేరు వందేండ్ల పిమ్మట ప్రభుత్వ పథకమునకు అలంకారమైనదనిన, వ్యక్తి దానమునకు గల ఆయుర్దాయమెంతయో గ్రహింపుడు.

ఐతే ఆ పాతకాలమును పొగడి ఊరకుండుటయు న్యాయము గాదు. ఆ విస్తరి అందఱికిని వేయబడలేదు. కులము అడ్డమువచ్చిన చోట కరుణ గడపదాటలేదు. సత్రములు గొందఱికే తెఱచియుండెను. ఈ కొఱతను తీర్చుటకై జాతీయోద్యమకాలమున కొత్త దానము పుట్టెను. అది యెవరి యింటి విస్తరియు గాదు, అందఱి చందా.

మచిలీపట్టణమున 1910లో ఆంధ్ర జాతీయ కళాశాల వెలసినప్పుడు దానికి ప్రభుత్వపు గ్రాంటు లేదు. కోపల్లె హనుమంతరావుగారును, వారి మిత్రులును చందాలు సేకరించియే దానిని నిలిపిరి. 1921 మార్చి నెలాఖరున విజయవాడలో సమావేశమైన అఖిల భారత కాంగ్రెసు సంఘము తిలక్ స్వరాజ్య నిధికి ఆ యేటి జూను 30లోగా కోటి రూపాయలు కూర్చవలెనని తీర్మానించెను. అప్పటి కోటి యనగా నేటి కోటి గాదు. గడువులోగా ఆ సంకల్పము నెఱవేఱెను. అందు బొంబాయి ధనికులు పెద్దభాగమిచ్చిరి, నిజమే. కాని పేరు తెలియని స్త్రీలు గాజులు తీసియిచ్చిరి, కూలివారు అణాలిచ్చిరి. ధనికుని వేయి రూపాయలును, కూలివాని అణాయు ఒకే లెక్కపుస్తకమున చేరుట ఆ నిధి యొక్క గొప్ప. అణా యిచ్చినవానికి, ఆ నిధి యేమైనదని అడుగు హక్కు కలిగెను. స్వరాజ్యమనగా నేమో వానికి అర్థమైనది ఆ దినముననే.

ఆ కాలముననే వర్తకుని ధనముకూడ ప్రజోపయోగమునకు దిగెను. కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారు 1893లో బొంబాయిలో అమృతాంజనమును ఆరంభించిరి. ఆ లాభముతో 1908లో ఆంధ్రపత్రికను వారపత్రికగ నెలకొల్పిరి, 1926లో ఆంధ్ర గ్రంథమాల నారంభించి మంచి గ్రంథములను సామాన్యులకు అందునట్లు అచ్చొత్తించిరి, గ్రంథాలయోద్యమమునకు అండయైరి. లాభములో నూటికింత యీయవలెనని వారిని నిర్బంధించిన శాసనమేదియు నాడు లేదు. జయపుర మహారాజు విక్రమదేవవర్మగారు ఆంధ్ర విశ్వకళాపరిషత్తునకు ఏటేట లక్ష రూపాయలిచ్చిరి. పిఠాపుర మహారాజు సూర్యారావు బహద్దరుగారు నిఘంటువునకును, కాకినాడలోని అనాథ శరణాలయమునకును పోషకులైరి. మన గ్రంథాలయములనే చూడుడు. 1901లో హైదరాబాదున శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయము, 1911లో విజయవాడలో రామమోహన గ్రంథాలయము, 1918లో వేటపాలెమున సారస్వత నికేతనము – ఇవి యన్నియు ప్రజల చందాలతోను, దాతల యుదారతతోను కలిసి పెరిగినవి. పెద్దదాత యుండెను, చిన్నదాతయు నుండెను. వేన్నీళ్ళకు చన్నీళ్ళు తోడన్నట్లు ఒకరికొకరు తోడైరి.

ఇక నేటి కాలమునకు వత్తము. నేడు దానప్రవాహము ముఖ్యముగ మూడు కాలువలలో పాఱుచున్నది. వ్యక్తులు ఇచ్చునది ఒకటి. కంపెనీలు ఇచ్చునది ఒకటి. ధనవంతులు నెలకొల్పిన ధర్మనిధులు ఇచ్చునది ఒకటి. ఈ మూడింటి నీటిమట్టము ఎట్లున్నదో చూతము.

ధర్మనిధుల సంగతి మొదట చెప్పెదను. జంషెట్జీ టాటా 1892లోనే ఉన్నతవిద్యకై విదేశములకు బోవు విద్యార్థులకొక నిధిని నెలకొల్పెను. ఆయన సంకల్పమును, మైసూరు సంస్థాన మిచ్చిన భూమియు కలిసి 1909లో బెంగుళూరున విజ్ఞానశాస్త్ర సంస్థయైనవి. ఆయన కుమారుల పేర 1919లోను, 1932లోను ఏర్పడినవియు మొదలగు టాటా ధర్మనిధులు టాటా సన్స్ అను మూలసంస్థలో నూటికి సుమారు 66 వాటాలను గలిగియున్నవి. అనగా ఆ వ్యాపారపు లాభములో పెద్దపాలు ధర్మమునకు జెందునట్లు ఏర్పాటు జరిగినది. ఇటీవల విప్రో అధిపతి అజీం ప్రేమ్‌జీగారు 2013లో తన సంపదలో సగమునకు మించి ధర్మమున కిత్తునని ప్రతిజ్ఞాపత్రముపై సంతకము చేసిరి; 2019 నాటికి వారు ధర్మనిధికి కేటాయించిన వాటాల విలువ సుమారు 1,45,000 కోట్ల రూపాయలుగ లెక్కింపబడినది. అమెరికాలో బిల్ గేట్సు 2045 నాటికి తన ధనమంతయు దాదాపుగ ఖర్చుపెట్టి ఆ నిధిని మూసివేయుదునని 2025లో ప్రకటించెను. మన హైదరాబాదునందు 1987లో ఆరంభమైన ఎల్.వి. ప్రసాద్ నేత్ర వైద్యశాలకు చలనచిత్ర నిర్మాత ప్రసాద్ గారి కుటుంబము కోటి రూపాయలను, అయిదెకరముల స్థలమును ఇచ్చినది. నేడది వచ్చిన రోగులలో సగమునకు పైగా ఉచితముగ చూచుచున్నది. ఇట్టివానిని చూచి సంతోషింపనివాడు కఠినహృదయుడు.

ఐనను ఈ నిధులనుగూర్చి ఒక సందేహము మొదటినుండియు గలదు. రాక్‌ఫెల్లరు 1913లో తన నిధిని స్థాపించినప్పుడు అమెరికా జాతీయ శాసనసభ దానికి అధికారపత్రము నిచ్చుటకు అంగీకరింపలేదు; ఆయన న్యూయార్కు రాష్ట్రమునుండి పొందవలసివచ్చెను. ఎవరును ఎన్నుకొనని కొలదిమంది కూర్చుండి, ఒక దేశపు విద్యను, వైద్యమును నిర్ణయించుట ప్రజాస్వామ్యమునకు తగునా యని ఆ ధనిక దేశముననే అడిగిరి. ఆ ప్రశ్న మనకును వర్తించును. 1960–61లో ఫోర్డు నిధి సహాయముతో మన దేశమున ఏడు జిల్లాలలో సాంద్ర వ్యవసాయ పథకము ఆరంభమైనప్పుడు పశ్చిమ గోదావరి అందొకటి. నీరు పుష్కలముగ నున్న జిల్లాలను ఎన్నుకొనిరి. పంట త్వరగా పెరుగునని వారి తర్కము. ఆ తర్కము తప్పనను. కాని వర్షాధారమైన అనంతపురమును ఎన్నుకొనవలెనా, కాలువ పాఱు గోదావరిని ఎన్నుకొనవలెనా యను నిర్ణయము దాత చేయునది యైనప్పుడు, ఎండినపొలము గలవాని మాట ఎక్కడ వినబడును? దానము చేయువాడు ధనమును మాత్రమే యిచ్చుట లేదు. ఏది ముందు, ఏది వెనుక యను నిర్ణయమును కూడ తన చేతనుంచుకొనుచున్నాడు.

రెండవ కాలువ కంపెనీలది. ఇందు మన దేశము లోకమునకు కొత్తయైన దారి త్రొక్కినది. 2013 కంపెనీల శాసనము 135వ సెక్షను 2014 ఏప్రిలు 1నుండి అమలునకు వచ్చినది. 500 కోట్ల నికరాస్తి గాని, 1,000 కోట్ల వ్యాపారము గాని, 5 కోట్ల నికరలాభము గాని గల ప్రతి కంపెనీయు గత మూడేండ్ల సగటు లాభములో నూటికి 2 వంతులు సామాజిక కార్యములకు వెచ్చింపవలయును. రాజకీయ పక్షముల కిచ్చునది ఇందు చేరదు. తమ నౌకరులకే చేయు ఉపకారము చేరదు. మొదట వెచ్చింపనివారు కారణము చెప్పిన చాలును. 2021 నుండి వెచ్చింపని ధనమును నిర్ణీతమైన నిధికి గాని, ప్రత్యేక ఖాతాకు గాని మార్చక తప్పదు. 2014–15లో సుమారు 10,000 కోట్లుగ నున్న ఈ వ్యయము 2022–23 నాటికి సుమారు 30,000 కోట్లకు చేరినది. విద్యకును, వైద్యమునకును అందు ఎక్కువభాగము పోవుచున్నది.

ఇది దానమా, పన్నా? నిర్బంధముగ తీసికొనుటచేత పన్నువలె నున్నది. ఎక్కడ పెట్టవలెనో కంపెనీయే నిర్ణయించుటచేత దానమువలె నున్నది. అత్తసొమ్ము అల్లుడు దానము చేసెనను సామెత మనకున్నది. వాటాదారుల సొమ్ము, కూలివాని శ్రమ, కొనుగోలుదారుని రూపాయి – ఈ మూడు కలిసిన లాభమునుండి తీసిన 2 వంతులను ఫలానా వారి యుదారత యని పలకలమీద చెక్కించుట చూచినప్పుడు ఆ సామెత జ్ఞప్తికి వచ్చును. ఐనను నేను ఆ శాసనమును నిందింపను. దానివలన బడులకు గదులు వచ్చినవి, ఆసుపత్రులకు యంత్రములు వచ్చినవి. నా బాధ వేఱు. కంపెనీ తన చుట్టుప్రక్కల ప్రాంతమునకు ప్రాధాన్య మీయవలెనని శాసనము చెప్పుచున్నది. న్యాయముగనే యున్నది. దాని ఫలిత మేమనగా, కర్మాగారమున్నచోటికి ధనము పోవును. కర్మాగారము లేని చోటికి, అనగా ఎక్కువ బీదదైన చోటికి, పోదు. అందువలననే మహారాష్ట్రము మొదలగు పారిశ్రామిక రాష్ట్రములు ఏటేట పెద్దపాలు పొందుచున్నవి. ఈశాన్య రాష్ట్రములకు ముక్కలు మాత్రమే మిగులుచున్నవి. మఱియు 2020లో మహమ్మారి కాలమున ఏర్పడిన ప్రధానమంత్రి సహాయనిధికి కంపెనీ యిచ్చినది ఈ 2 వంతులలో చేరును. రాష్ట్ర ముఖ్యమంత్రి సహాయనిధి కిచ్చినది చేరదు. మన పొరుగున వఱదవచ్చిన దినమున ఈ భేదము అర్థమగును.

మూడవ కాలువ వ్యక్తులది. అన్నిటికంటె ప్రాచీనమును, అన్నిటికంటె ఆలోచింపదగినదియు నిదియే. అమెరికాలో దానముల లెక్కలు ఏటేట ప్రకటింతురు. 2024లో అచ్చట దానముల మొత్తము సుమారు 59,250 కోట్ల డాలర్లు. అందు నూటికి సుమారు 66 వంతులు జీవించియున్న వ్యక్తులు ఇచ్చినవి. 19 వంతులు ధర్మనిధులవి. 8 వంతులు మరణశాసనములవి. కంపెనీలవి 7 వంతులు మాత్రమే. కంపెనీల పుట్టినిల్లనదగిన దేశముననే దానభారము మోయువాడు గృహస్థుడు. కాని ఆ గృహస్థుని కథలో ఒక విషాదము గలదు. 2000లో ఆ దేశమున నూటికి 66 కుటుంబములు ఏదో యొక సంస్థకు దానము చేసెడివి. 2018 నాటికి ఆ సంఖ్య సగమునకు దిగువకు జాఱెను. మొత్తము పెరుగుచునే యున్నది, ఇచ్చువారు తగ్గుచున్నారు. కొలదిమంది ధనికుల పెద్దదానములు వెలితిని కప్పివేయుచున్నవి. చెఱువు నిండుగ నున్నట్లే కనబడును. కాని ఊటలు ఒక్కొక్కటిగ ఎండుచున్నవి.

మన దేశమున ఊటల స్థితి యేమి? గుడి హుండీలో పడు రూపాయిని, మసీదు జకాతును, గుమ్మములో నిలిచినవానికి బెట్టు అన్నమును కలిపి చూచిన మనవారు పిసినిగొట్టులు గారు. తిరుమలలో 1985లో ఆరంభమైన నిత్యాన్నదానము భక్తుల విరాళములతోనే నడచుచున్నది. 1977 నవంబరు 19 నాటి దివిసీమ ఉప్పెన తరువాత చలనచిత్ర నటులు జోలెపట్టి వీధులలో తిరిగినప్పుడు రిక్షావాడుకూడ ఇచ్చెను. నేడు చేతిలోని ఫోనుద్వారా క్షణములో సొమ్ము పంపవచ్చును. సుమారు 16 కోట్ల రూపాయల ఖరీదుగల సూదిమందు కావలసిన పసిబిడ్డలకై ముఖమెఱుగని వేలాదిమంది చందాలు పంపిన సందర్భములు ఈ యేండ్లలో మనము చూచితిమి. దయ చావలేదు, సోదరులారా! ముఖము కనబడిన చోట అది పొంగును. ముఖము కనబడని చోట – పుస్తకములు కొనవలసిన గ్రంథాలయమునకు, వసతిగృహపు వంటమనిషి జీతమునకు – అది పొంగదు.

ఇంతలో ప్రభుత్వపు నియమములును చిన్నదాతను ఓదార్చునట్లు లేవు. దానముపై ఆదాయపుపన్ను రాయితీ కొత్త పన్నుపద్ధతిలో లేదు. 2023–24 నుండి ఆ కొత్తపద్ధతియే సాధారణ పద్ధతి యైనది. విదేశ విరాళముల శాసనము 2020లో సవరింపబడి, ఒక సంస్థ తాను పొందిన విదేశధనమును మఱియొక సంస్థ కిచ్చుట నిషేధింపబడినది. మోసము అరికట్టుటకని ప్రభుత్వము చెప్పినది. మోసములున్న మాట నిజమే. కాని పెద్దసంస్థ చేయిపట్టుకొని నడచుచుండిన పల్లెటూరి చిన్నసంఘమునకు ఆ చేయి దూరమైనది. అనంతపురమున 1969లో విన్సెంట్ ఫెర్రరుగారు నెలకొల్పిన సంస్థను స్పెయిను దేశపు వేలాది సామాన్య గృహస్థులు నెలనెలకు పంపు కొద్దిసొమ్ము నిలిపినది. దూరదేశపు గృహిణి మన అనంతపురము బిడ్డకు నెలచందా కట్టుచుండగా, మన పట్టణపు గృహస్థుడు తన వీధి చివరి బడికి కట్టలేడా యని అడిగిన మనము తల వంచుకొనవలసినదే.

"ధనమెవరిదైననేమి? ఆకలి తీరినచాలదా? కంపెనీ కట్టించినబడిలో చదువు తక్కువ వచ్చునా?" యని మీలో కొందఱు అనుకొనుచుందురు. ఈ ప్రశ్న న్యాయమైనది, సమాధానము చెప్పవలసినది. ఆకలిగొన్నవాడు దాతపేరు అడుగడు, అడుగ నక్కఱలేదు. కాని ఒక పూట ఆకలి వేఱు, ఒక సంస్థ జీవితము వేఱు. సంస్థ జీవించుటకు మూడు కావలయును: ఏటేట తప్పని ఆదాయము, దానిని తమదనుకొను మనుష్యులు, తప్పుజరిగిన అడుగు నోరు. పెద్దదాత మొదటిదానిని ఇయ్యగలడు. తక్కిన రెంటిని ఇయ్యలేడు.

దృష్టాంతము చెప్పెదను. దాతలకు కట్టడము ప్రియము. కట్టడముపై పలక నిలుచును. జీతము అప్రియము, జీతముపై పలక నిలువదు. కాన మన పట్టణములలో కొత్తగదులుండి ఉపాధ్యాయుడు లేని బడులును, యంత్రముండి నడపువాడు లేని ఆసుపత్రులును, బీరువాలుండి తెఱచువాడు లేని గ్రంథాలయములును కనబడుచున్నవి. మఱియొక సంగతి. బాలికల చదువునకు ధనమిచ్చు కంపెనీలు చాల గలవు. తమ కర్మాగారపు మురికినీటివలన చేను పాడైన రైతు న్యాయస్థానమునకెక్కుటకు సహాయపడు సంఘమునకు ధనమిచ్చు కంపెనీ యుండునా? హక్కులడుగు కార్యమునకు ప్రజల అణాలు తప్ప వేఱుదిక్కు లేదు. చిన్నదాత చచ్చిన దినమున అట్టి కార్యము చచ్చును. అది చచ్చినట్లు ఏ వార్షిక నివేదికయు వ్రాయదు.

దానము చేసినంతమాత్రమున పని ముగియదని భూదానోద్యమము మనకు నేర్పినది. 1951 ఏప్రిలు 18న పోచంపల్లిలో వినోబాజీ అడుగగా వెదిరె రామచంద్రారెడ్డిగారు నూఱెకరములిచ్చిరి. ఆ దీపమునుండి దేశమంతట వేలదీపములు వెలిగినవి. లక్షలకొలది యెకరములు వచ్చినవి. కాని వచ్చిన భూమిలో చాలభాగము బీదలకు చేరనేలేదు. కొంత సాగునకు పనికిరానిది. కొంత వ్యాజ్యములలో చిక్కినది. కొంత ఆక్రమణల పాలైనది. ఇచ్చినచేయి గొప్పదే, కాపాడు చేయి లేకపోయెను. ద్రాక్షారామ దాత గొఱ్ఱెలతోబాటు బోయపేరును, నేతికొలతను చెక్కించుటలోని వివేకము ఇట్టిచోట తెలియును.

కాబట్టి చేయవలసినదేమి? నాలుగు మాటలు చెప్పి విరమించెదను.

ఒకటి, గృహస్థునకు. మీ దానమును ఆవేశమునకు విడువక అలవాటుగ మార్చుకొనుడు. నెలకు 50 రూపాయలిచ్చు 400 ఇండ్లున్న పట్టణమునకు నెలకు 20,000 రూపాయలు, ఏటికి 2,40,000 రూపాయలు వచ్చును. ఆ సొమ్ముతో ఒక పఠనమందిరమున పత్రికలు ఆగవు, సాయంకాలము దీపమాఱదు, తెఱచువానికి కొంత జీతము ముట్టును. ఇందుకు మహారాజు అక్కఱలేదు, శాసనము అక్కఱలేదు.

రెండు, సంస్థలను నడపువారికి. లెక్కను దాచకుడు. ఏటికొకమాఱు అచ్చొత్తి పెద్దలకు పంపుట చాలదు. నెలనెలకు జమయు ఖర్చును తలుపునకు అంటింపుడు. పదిరూపాయలిచ్చినవాడును చదివి ప్రశ్నింపవచ్చునని తెలియజేయుడు. మనవారు చందా ఈయకపోవుటకు పిసినితనము కంటె అపనమ్మకము పెద్దకారణము.

మూడు, కంపెనీలకును ధర్మనిధులకును. మీ ధనము రావలసినదే, వచ్చినందుకు వందనము. కాని గోడలకే గాక మనుష్యులకును ఇండు. నిర్వహణవ్యయము నూటికి 5 వంతులు మించరాదను నియమమును చూపి జీతములకు నిరాకరించువారు గలరు. ఆ నియమము కంపెనీ తన కార్యాలయమున పెట్టుకొను ఖర్చునకు సంబంధించినది. పల్లెలో పాఠము చెప్పు పంతులమ్మ జీతమునకు గాదు. ఒక యేడు ఇచ్చి మఱుయేడు మఱియొక యూరికి మరలకుడు. ఏ పని ముందు చేయవలెనో నిర్ణయించు సంఘమున ఆ యూరివారిని కూర్చుండబెట్టుడు. ఫొటోకు గాదు, ఓటునకు.

నాలుగు, మనకందఱకును. దానము పన్నునకు బదులు గాదు. 1960 నాటి గ్రంథాలయముల శాసనముచొప్పున ఆస్తిపన్నులో రూపాయికి 8 పైసలు గ్రంథాలయపు పన్నుగ మనము కట్టుచున్నాము. వసూలుచేసిన స్థానికసంస్థలు దానిని సకాలమున గ్రంథాలయ సంస్థలకు చెల్లింపక బకాయి పెట్టుట చాలచోట్ల జరుగుచున్నది. మనము ఒకచేత చందా యిచ్చుచు, రెండవచేత ఆ బకాయిని అడుగవలయును. అడుగు అలవాటు లేని జాతికి దానము భిక్షమగును. అడుగ నేర్చిన జాతికి దానము హక్కునకు తోడగును.

సోదరీ సోదరులారా! కోట్లు ఇచ్చు చేతులను గౌరవింతము. వారి కోట్లు మన పదిరూపాయలను సిగ్గుపఱచునట్లు మాత్రము చేయనీయకుందము. కోటి యిచ్చినవాడు ఒక భవనమును ఇచ్చెను. పది యిచ్చినవాడు ఆ భవనమునకు ఒక యజమానిని, అనగా తన్ను, ఇచ్చెను. యజమానులు లేని భవనము ఎంత యెత్తుగ నున్నను పాడుపడక మానదు. ఈ పట్టణమున ప్రతి సత్కార్యమునకును యజమానులు పెరుగుదురుగాక యని కోరుచున్నాను.